విండోస్ 11లో డ్యూన్ 2, రెడ్ అలర్ట్, సీజర్ 3 ఆడాలంటే ఏం వాడాలి?

ఖమ్మం_గేమర్ (ప్రశ్న)

అందరికీ నమస్కారం. నా దగ్గర మూడు పాత స్ట్రాటజీ ఆటలున్నాయి. డ్యూన్ 2 ఏమో ఫ్లాపీల నుంచి ఎప్పుడో కాపీ చేసి దాచుకున్న ఫోల్డర్. రెడ్ అలర్ట్ (మొదటిది, రెండు సీడీలది), సీజర్ 3 మాత్రం ఒరిజినల్ సీడీలు, గీతలు పడ్డాయి గానీ చదువుతున్నాయి. ల్యాప్‌టాప్ కొత్తది, విండోస్ 11. దానికి సీడీ డ్రైవ్ లేదు కాబట్టి యూఎస్‌బీకి తగిలించుకునే డ్రైవ్ ఒకటి కొన్నాను.

రెడ్ అలర్ట్ సెటప్ నొక్కితే ఈ యాప్ మీ పీసీలో నడవదు అని చిన్న డబ్బా వచ్చి అక్కడితో సరి. కంపాటిబిలిటీలో విండోస్ 95 పెట్టి చూసినా అదే. సీజర్ 3 ఇన్‌స్టాల్ అయింది, తెరిస్తే పాట వినిపిస్తుంది, స్క్రీన్ మాత్రం నల్లగా ఉంటుంది. డ్యూన్ 2 మీద డబుల్ క్లిక్ చేస్తే అసలు ఉలుకూ పలుకూ లేదు.

వెతికితే ఒకరు డాస్‌బాక్స్ అంటారు, ఒకరు ఓపెన్‌ఆర్ఏ అంటారు, ఇంకొకరు వర్చువల్ మెషీన్ (కంప్యూటర్‌లోనే ఇంకో కంప్యూటర్) పెట్టి అందులో విండోస్ 98 ఎక్కించమంటారు. ఇవేవీ కంపెనీలు చేసినవి కావట, అభిమానులు కూర్చుని రాసుకున్నవట. నమ్మొచ్చా? వైరస్ టెన్షన్ ఒకటి, చట్టప్రకారం ఇబ్బంది ఏమైనా ఉంటుందా అన్న అనుమానం ఇంకొకటి.

ఇంకో సంగతి. మా పెదనాన్నగారి అబ్బాయి డల్లాస్‌లో ఉంటాడు. చిన్నప్పుడు ఒకే కంప్యూటర్ మీద వంతులేసుకుని ఆడేవాళ్ళం గానీ ఒకరి మీద ఒకరం ఎప్పుడూ ఆడలేదు. అన్నయ్య అక్కడ, నేను ఇక్కడ ఉండి రెడ్ అలర్ట్ కలిసి ఆడే దారి ఉందా? రీమాస్టర్ (కొత్త హంగులతో మళ్ళీ విడుదల చేసింది) కొనుక్కోమని మాత్రం చెప్పకండి, అది ఉందని తెలుసు. మాకు ఆ పాత ఆటే కావాలి.

---

డాస్_ప్రాంప్ట్

తమ్ముడూ, నీ మూడు ఆటలకీ మూడు వేరు వేరు జబ్బులున్నాయి, అందుకే ఒక్కొక్కరు ఒక్కో మందు చెబుతున్నారు. ముందు ఏది ఏ కాలం ఆటో తేల్చుకుంటే సగం పని అయిపోయినట్టే.

డ్యూన్ 2 1992 నాటి డాస్ ఆట. 64 బిట్ విండోస్ 16 బిట్ ప్రోగ్రాముల్ని నడపదు, నువ్వెన్నిసార్లు క్లిక్ చేసినా అంతే. విండోస్ 11లో 32 బిట్ వెర్షనే లేదు కాబట్టి ఆ దారి పూర్తిగా మూసుకుపోయింది. దీనికి ఎమ్యులేటరే కావాలి, అంటే పాత కంప్యూటర్‌ని, అందులోని సౌండ్ కార్డుతో సహా, సాఫ్ట్‌వేర్‌లో తయారుచేసేది. అదే డాస్‌బాక్స్. 2002 నుంచీ ఉంది. ఆటలు అమ్మే సైట్లు కూడా పాత డాస్ ఆటలు చాలావాటిని డాస్‌బాక్స్‌తో కలిపే ఇస్తాయి, కాబట్టి నమ్మొచ్చా అన్న ప్రశ్నకి అదే సమాధానం. అసలు డాస్‌బాక్స్ 0.74-3 2019లో వచ్చాక కొత్త వెర్షన్ల విషయంలో నెమ్మదించింది, దాని కోడ్ మీద పుట్టిన డాస్‌బాక్స్ స్టేజింగ్, డాస్‌బాక్స్-ఎక్స్ ఇప్పుడు చురుగ్గా ఉన్నాయి. నీ అవసరానికి స్టేజింగ్ చాలు.

సీ డ్రైవ్‌లో ఒక ఫోల్డర్ చేసి ఆట అందులో పెట్టు. డాస్‌బాక్స్ తెరిచి మౌంట్ అని టైప్ చేసి, ఖాళీ వదిలి సీ అక్షరం, మళ్ళీ ఖాళీ వదిలి ఆ ఫోల్డర్ పూర్తి దారి ఇవ్వు. తర్వాత సీ, పక్కన కోలన్ కొట్టు. అంతే, ఆ ఫోల్డరే డాస్‌కి హార్డ్ డిస్క్ అయిపోతుంది. ఆటకంటే ముందు దాని సెటప్ ప్రోగ్రాం నడిపి సౌండ్ బ్లాస్టర్ అనే సౌండ్ కార్డు ఎంచుకో. అడ్రస్ 220, ఐఆర్‌క్యూ 7, డీఎంఏ 1, ఆట సౌండ్ కార్డుని అందుకునే నంబర్లివి. డాస్‌బాక్స్‌లో మామూలుగా ఉండేవి ఇవే. శబ్దం రావట్లేదని వచ్చే ఫిర్యాదుల్లో చాలామటుకు ఈ ఐఆర్‌క్యూ దగ్గరే తేలతాయి, ఎందుకంటే కొన్ని ఆటల సెటప్‌లు 5 అని ఊహించుకుంటాయి.

ఇక వేగం. డాస్‌బాక్స్‌లో వేగాన్ని సైకిల్స్‌లో కొలుస్తారు. 0.74లో ఆటో అని వదిలేస్తే ఇలాంటి ఆటలకి 3000 ఇస్తుంది, డ్యూన్ 2 దాంతో నత్తనడక నడుస్తుంది, ముఖ్యంగా స్క్రీన్ మీద యుద్ధం ముదిరినప్పుడు. కంట్రోల్ పట్టుకుని ఎఫ్12 నొక్కుతూ పెంచు, ఎక్కువైతే కంట్రోల్ ఎఫ్11తో తగ్గించు. నాకైతే పదివేల చుట్టుపక్కల బాగుంటుంది. మ్యాక్స్ మాత్రం పెట్టకు. మౌస్ ఆ కిటికీలో ఇరుక్కుపోతే కంట్రోల్ ఎఫ్10, ఫుల్ స్క్రీన్‌కి ఆల్ట్ ఎంటర్.

ఒక్క సెట్టింగ్ మాత్రం మర్చిపోకు, ఆస్పెక్ట్ అని ఉంటుంది, 0.74 వాడితే అది ట్రూ చెయ్యాలి. ఆ రోజుల్లో 320×200 బొమ్మని 4:3 మానిటర్ నిలువుగా కొంచెం సాగదీసి చూపించేది, గీసినవాళ్ళు కూడా ఆ లెక్కలోనే గీశారు. ఆ సెట్టింగ్ లేకపోతే అందరి మొహాలూ అణిగిపోయి, మిషన్ ముందు సలహా చెప్పే మెంటాట్ పొట్టిగా బుగ్గలు ఉబ్బినట్టు కనిపిస్తాడు.

విండోస్ 98 వర్చువల్ మెషీన్ జోలికి ఇప్పుడే పోకు. వర్చువల్‌బాక్స్‌లో విండోస్ 98కి సరైన గ్రాఫిక్స్ డ్రైవర్ సపోర్ట్ లేదు. నిజంగా ఆ కాలపు మెషీనే కావాలంటే 86బాక్స్ లాంటివి మదర్‌బోర్డ్ దగ్గర్నుంచి వూడూ గ్రాఫిక్స్ కార్డు దాకా అన్నీ ఎమ్యులేట్ చేస్తాయి. చాలా గొప్ప పని అది, కానీ నీ మూడు ఆటలకీ అంత అక్కర్లేదు.

---

టెస్లా_కాయిల్

రెడ్ అలర్ట్ సంగతి నేను చెప్తా, నేనింకా వారం వారం ఆడుతున్న ఆట అది.

విండోస్ 95 కాలంలో ఒక తమాషా ఉండేది. ఆట 32 బిట్ అయినా దాన్ని ఇన్‌స్టాల్ చేసే సెటప్ 16 బిట్‌లో ఉండేది చాలావాటికి. ఇప్పటి విండోస్ ఆ సెటప్ దగ్గరే ఆపేస్తుంది, లోపలున్న ఆటకి పాపం అవకాశమే రాదు. కాబట్టి నీ సీడీలు పాడయ్యాయని అనుకోకు. అసలు సీడీతో పని కూడా లేదు, ఎందుకంటే రెడ్ అలర్ట్‌ని దాని హక్కులున్న ఈఏ కంపెనీ వాళ్ళు 2008లోనే ఫ్రీవేర్‌గా, అంటే ఉచితంగా, వదిలేశారు. 2025 ఫిబ్రవరిలో దాని సోర్స్ కోడ్ మొత్తం, ఎవరైనా వాడి మార్చుకోగలిగే జీపీఎల్ లైసెన్స్ మీద బయటపెట్టారు, దాంతోపాటు మొదటి కమాండ్ అండ్ కాంకర్, రెనిగేడ్, జనరల్స్ కూడా. ఇరవై ఏళ్ళుగా అభిమానులు ఈ ఆటల్ని బతికించుకుంటూ రాకపోతే ఆ రోజు వచ్చేది కాదని నా గట్టి నమ్మకం.

నీకు రెండు దారులున్నాయి. సీఎన్‌సీనెట్ అని కమ్యూనిటీ నడిపే సైట్ ఉంది, వాళ్ళిచ్చే ప్యాకేజీలో 1996 నాటి అసలు ఆటే ఉంటుంది, ఇప్పటి విండోస్‌లో నడిచేలా ప్యాచ్ చేసి. లోపల సీఎన్‌సీ-డీడ్రా అనే చిన్న ఫైల్ ఒకటి కూర్చుని, ఆట పాత డైరెక్ట్‌డ్రా భాషలో అడిగేవన్నీ ఇప్పటి గ్రాఫిక్స్ కార్డుకి అర్థమయ్యేలా మార్చి అందిస్తుంది. ఇది ఎమ్యులేటర్ కాదు, దీన్ని ర్యాపర్ అంటారు. ఆటలో అక్షరం మారదు.

రెండోది ఓపెన్‌ఆర్ఏ. ఇది ఇంజిన్‌నే, అంటే ఆటని నడిపే ప్రోగ్రాంనే, మొదటి నుంచి మళ్ళీ రాసిన ప్రాజెక్ట్. బొమ్మలు, శబ్దాలు, మ్యాప్‌లు పాత ఆటవి, వాటిని నడిపించేది కొత్తది. మొదటిసారి తెరవగానే ఫ్రీవేర్ ఫైళ్ళు తనే దించుకుంటుంది, కావాలంటే నీ సీడీ నుంచి కూడా తీసుకుంటుంది. విండోస్, మ్యాక్, లినక్స్ దేనిమీదైనా ఒకటే.

తేడా ఎక్కడ తెలుస్తుందంటే, అసలు రెడ్ అలర్ట్‌లో ఐదు ట్యాంకులు కావాలంటే ఒకటి తయారయ్యేదాకా ఆగి మళ్ళీ నొక్కాలి. క్యూ అనే మాటే లేదు. ఓపెన్‌ఆర్ఏలో షిఫ్ట్ పట్టుకుని ఒక్క క్లిక్ చేస్తే ఐదు వరసలో పడతాయి. దారిలో శత్రువు కనిపిస్తే కొట్టుకుంటూ వెళ్ళమనే అటాక్-మూవ్ ఉంది, ఒకసారి చూసి వదిలేసిన చోటుని మళ్ళీ కప్పేసే ఫాగ్ ఆఫ్ వార్ ఉంది, అనుభవం వచ్చిన యూనిట్లకి ర్యాంకులున్నాయి, ఆట అయ్యాక రీప్లే చూసుకోవచ్చు. ఇవన్నీ అలవాటయ్యాక నేను వెనక్కి వెళ్ళలేకపోతున్నా. అన్నయ్యతో ఆడటానికి ఇదే పెట్టు, నా సలహా అదే. ఇందులో డ్యూన్ 2 తర్వాత వచ్చిన డ్యూన్ 2000 కూడా ఉంది, కాబట్టి డ్యూన్ 2 కోసం డాస్‌తో కుస్తీ పట్టడం ఎందుకో కూడా ఆలోచించు.

---

ప్రిఫెక్ట్_గారు

సీజర్ 3 గురించి ఎవరూ చెప్పలేదు కాబట్టి నేనొచ్చాను. నల్ల స్క్రీన్ గురించి బాధపడి రిజిస్ట్రీలో వేళ్ళు పెట్టకండి, జూలియస్ అని ఒకటి దించుకోండి. అది సీజర్ 3 ఇంజిన్‌ని మళ్ళీ రాసింది. మొదటిసారి తెరిస్తే ఆట ఫోల్డర్ ఎక్కడుందని అడుగుతుంది, మీరు ఇన్‌స్టాల్ చేసిన ఫోల్డర్ చూపించండి, మరుక్షణం నగరం కళ్ళముందుంటుంది, మీ స్క్రీన్ ఎంత పెద్దదైతే అంత. సీడీ పాతది కదా, ముందు 1.0.1.0 ప్యాచ్ వేసుకోండి, లేకపోతే కొన్ని ఫైళ్ళు లేవని మొరాయిస్తుంది.

జూలియస్ చేసినవాళ్ళ పట్టుదల నాకెంతో ఇష్టం. ఆట ఎలా ప్రవర్తించేదో అలాగే ప్రవర్తించాలి, పాత సేవ్ ఫైల్ ఇందులో తెరుచుకోవాలి, ఇందులోది పాత ఆటలో తెరుచుకోవాలి, ఇదీ వాళ్ళ పద్ధతి. దానికి అనుగుణంగానే ఆ ఆటలోని చికాకులు కూడా అలాగే ఉంటాయి. మీరు ఆడారు కాబట్టి గుర్తుండే ఉంటుంది, మార్కెట్ ఆవిడ సరుకు పంచడానికి బయల్దేరి నాలుగు రోడ్ల కూడలికి రాగానే ఎటు తిరుగుతుందో దేవుడికే ఎరుక. ఇటువైపు ఇళ్ళకి నూనె అందక విల్లా కాస్తా మళ్ళీ గుడిసె వైపు దిగజారుతుంటే ఆవిడ తాపీగా ఎవరూ లేని పొలాల రోడ్డు పట్టి వెళ్ళిపోతుంది. దీనికి అప్పట్లో మేం చేసిన ఉపాయం, రోడ్డు మీద గేట్‌హౌస్ కట్టడం. అది శత్రువుల కోసం కట్టే ద్వారం, కానీ ఇలా ఊరికే తిరిగేవాళ్ళు దాన్ని దాటరు. ఊరి మధ్యలో యుద్ధమే లేని చోట అడుగడుగునా కోటగుమ్మాలు!

ఆ చికాకు వద్దనుకుంటే జూలియస్ నుంచే పుట్టిన ఆగస్టస్ ఉంది. అందులో రోడ్‌బ్లాక్ ఉంది, ఒక చిన్న పలక వేస్తే చాలు. ఇంకా చాలా కొత్త భవనాలు, సెట్టింగులు ఉన్నాయి. పాత సేవ్‌లు తెరుస్తుంది గానీ అందులో దాచినవి పాత ఆటలోకి తిరిగి వెళ్ళవు. నేను క్యాంపెయిన్ అంతా జూలియస్‌లో, సరదాకి కట్టుకునే ఊళ్ళు ఆగస్టస్‌లో ఆడతాను. రెండూ ఒకే ఆట ఫోల్డర్‌ని వాడుకోగలవు, గొడవేం లేదు.

---

అర్రాకిస్_వాసి

టెస్లా_కాయిల్ గారూ, రెడ్ అలర్ట్ వరకూ మీరు చెప్పింది సరే. డ్యూన్ 2 బదులు డ్యూన్ 2000 ఆడుకోమనడం మాత్రం నేను ఒప్పుకోను. అది వేరే ఆట.

డ్యూన్ 2లో ఒకసారికి ఒక్క యూనిట్‌నే పట్టుకోగలం. ట్యాంక్ మీద క్లిక్, మూవ్ కోసం ఎమ్, వెళ్ళాల్సిన చోట క్లిక్. పక్క ట్యాంక్‌కి మళ్ళీ మొదటి నుంచి అదే. పది ట్యాంకులు కదిపేసరికి మొదటిది శత్రువు టరెట్ ముందుకి ఒంటరిగా వెళ్ళి పేలిపోయి ఉంటుంది. ఇది వింటే చాదస్తంలా ఉంటుంది, కానీ ఆ ఆట మొత్తం ఆ ఇబ్బంది చుట్టూనే అల్లుకుని ఉంది. అందుకే మంద కట్టి మీద పడటం కుదరదు. రాతి నేల మీద కాంక్రీట్ పలకలు పరిచి, ఒక్కో టరెట్ ఎక్కడ పెడితే రెండు దారులు కాస్తుందో చూసుకుని, హార్వెస్టర్ (ఇసుకలో స్పైస్ అనే సరుకు ఏరుకొచ్చే బండి) ఇసుకలోకి ఎంత దూరం పోయిందో ఒక కంట కనిపెడుతూ ఆడాలి. ఇసుక కదిలిందంటే యూనిట్లని మింగేసే పెద్ద పురుగు వస్తున్నట్టు, ఆ క్షణంలో నీ చేతిలో ఉన్న ఒక్క క్లిక్ దేనికి ఖర్చుపెడతావన్నదే ఆట. పది యూనిట్లని డబ్బా గీసి పట్టుకునే సౌకర్యం ఇచ్చావంటే ఆ పురుగు ఒక అలంకారం అయిపోతుంది.

కాబట్టి ఖమ్మం_గేమర్, మొదటి క్యాంపెయిన్ డాస్‌బాక్స్‌లోనే ఆడు. ఒక్కో వంశానికి తొమ్మిది మిషన్లు. అట్రైడీస్ వంశంతో మొదలుపెట్టి పూర్తిచేశాక, అప్పుడు కావాలంటే డ్యూన్ లెగసీ, డ్యూన్ డైనాస్టీ లాంటివి చూడు, అవి డ్యూన్ 2నే కొత్త సౌకర్యాలతో చూపిస్తాయి. ముందే అవి ఆడితే 1992లో ఆ ఆట చేసిన వెస్ట్‌వుడ్ వాళ్ళు ఏం కనిపెట్టారో, ఎక్కడ ఇరుక్కున్నారో రెండూ తెలియవు.

అలాగని కొత్త ఇంజిన్లు వద్దని కాదు నేను చెప్పేది. యూఎఫ్ఓ ఎనిమీ అన్‌నోన్ 1994 నాటిది, అందులో ఒక పెద్ద లోపం ఉండేది. కష్టమైన స్థాయి ఎంచుకుని ఆడుతున్నా, సేవ్ చేసి మళ్ళీ తెరవగానే చెప్పాపెట్టకుండా అన్నిటికంటే తేలిక స్థాయికి పడిపోయేది. చేసినవాళ్ళ ఉద్దేశం అది కాదు కదా. ఆ ఆట ఇంజిన్‌ని మళ్ళీ రాసిన ఓపెన్‌ఎక్స్‌కామ్ దాన్ని సరిచేసింది, 2014లో 1.0 వచ్చింది, నేను ఆ ఆటని ఇక దాంట్లో తప్ప ఆడను. పొరపాటుని దిద్దడం వేరు, ఆట స్వభావాన్ని మార్చడం వేరు. ఆ తేడా చూసుకోమంటున్నాను.

---

టెస్లా_కాయిల్

అర్రాకిస్_వాసి అన్నా, పురుగు గురించి చెప్పింది కాదనలేను. కానీ ఇప్పుడు పదిహేనేళ్ళ పిల్లాడికి డ్యూన్ 2 చూపిస్తే మొదటి మిషన్‌లోనే విసుగొచ్చి లేచిపోతాడు. వాడు ఓపెన్‌ఆర్ఏలో ఒక నెల ఆడి, ఇది ఎక్కడ మొదలైందో చూద్దామని వెనక్కి వస్తే అదే మేలు. మా మేనల్లుడు అలాగే వచ్చాడు. అందరూ ముందు నుంచి వెనక్కే రావాలనేం లేదు, వెనక నుంచి ముందుకే రావాలనీ లేదు.

---

బ్యాకప్_భారతి

చట్టం, వైరస్ గురించి అడిగారు, వాటి మీద ఎవరూ సరిగ్గా చెప్పలేదు.

ఎమ్యులేటర్ గానీ కొత్తగా రాసిన ఇంజిన్ గానీ వాడటంలో తప్పేం లేదు. పైన చెప్పిన ప్రాజెక్టులు సోర్స్ కోడ్ బహిరంగంగా పెట్టి చేస్తున్నవి. హక్కుల ప్రశ్నంతా ఆట ఫైళ్ళ దగ్గరే. మన కాపీరైట్ చట్టం, 1957లోని సెక్షన్ 52(1)(ఏఏ) ప్రకారం, చట్టబద్ధంగా మీ దగ్గరున్న ప్రోగ్రాంని దాని ప్రయోజనానికి వాడుకోవడానికి, పోకుండా బ్యాకప్‌గా దాచుకోవడానికి కాపీ చేసుకోవచ్చు. మీ సీజర్ 3 సీడీ మీదే కాబట్టి దాన్నుంచి తీసిన ఫైళ్ళని జూలియస్‌కి చూపించడంలో ఇబ్బంది లేదు. అదే ఫైళ్ళని స్నేహితులకి పంచడం ఈ మినహాయింపు కిందికి రాదు. రెడ్ అలర్ట్ ఫ్రీవేర్, ఎలాగూ బెంగ లేదు. డ్యూన్ 2 మీరు కొన్న ఫ్లాపీల కాపీ అయితే సరే. అబాండన్‌వేర్ అనే మాట నెట్‌లో చాలా వినిపిస్తుంది, చట్టంలో అలాంటి వర్గమేమీ లేదు. కంపెనీ అమ్మడం మానేసినంత మాత్రాన హక్కు పోదు, మన దేశంలో రచయిత జీవితకాలం మీద ఇంకో 60 ఏళ్ళు నడుస్తుంది.

వైరస్ విషయంలో ఒకటే నియమం పెట్టుకోండి. ప్రాజెక్ట్ సొంత సైట్, లేదా వాళ్ళ కోడ్ ఉంచే గిట్‌హబ్ పేజీ, ఈ రెండు చోట్ల నుంచే దించుకోండి. ఫుల్ వెర్షన్, హైలీ కంప్రెస్డ్ అని రాసి పది డౌన్‌లోడ్ బటన్లు పెట్టిన సైట్ల దగ్గరే అసలు ప్రమాదం. ప్రాజెక్ట్ సైట్ నుంచి దించినా విండోస్ నీలం రంగు హెచ్చరిక చూపించొచ్చు, చిన్న ప్రాజెక్టులు డబ్బు పెట్టి డిజిటల్ సంతకం కొనుక్కోలేవు కాబట్టి. ఫైల్ ఎక్కడ నుంచి వచ్చిందో మీకు తెలిసినప్పుడే దాన్ని దాటి ముందుకెళ్ళండి.

ఇంకొకటి, ఇది మీరు అడగలేదు గానీ చెప్పకుండా ఉండలేను. గీతలు పడ్డ ఆ సీడీలు ఇంకా చదువుతున్నప్పుడే ఇమేజ్ (సీడీ మొత్తం కాపీ) తీసి దాచండి, రేపటికి వాయిదా వెయ్యకండి. తీసేటప్పుడు ఐఎస్ఓ ఫైల్‌గా కాకుండా బిన్, క్యూ అనే రెండు ఫైళ్ళ జంటగా తీయండి. ఆ రోజుల్లో కొన్ని ఆటల సంగీతం సీడీ మీద మామూలు పాటల ట్రాకులుగా ఉండేది, వార్‌క్రాఫ్ట్ 2 అలాంటిదే. ఐఎస్ఓలో డేటా మాత్రమే వస్తుంది, పాటలు పోతాయి. ఆట బాగానే నడుస్తుంది, సంగీతం ఉండదు, కారణం ఎక్కడా కనిపించదు. డాస్‌బాక్స్‌లో ఇమ్‌జీమౌంట్ కమాండ్‌కి ఆ క్యూ ఫైల్ ఇస్తే పాటలతో సహా సీడీ పెట్టినట్టే ఉంటుంది.

---

ఖమ్మం_గేమర్

అందరికీ చాలా చాలా థ్యాంక్స్. డ్యూన్ 2 స్టేజింగ్‌లో నడుస్తోంది, ఐఆర్‌క్యూ 7 పెట్టగానే మాటలతో సహా శబ్దం వచ్చింది. సీజర్ 3 జూలియస్‌లో అద్భుతంగా ఉంది, ప్యాచ్ సంగతి చెప్పినందుకు ప్రిఫెక్ట్_గారికి ప్రత్యేకంగా. భారతిగారూ, రెండు రెడ్ అలర్ట్ సీడీలూ ఇమేజ్ తీశాను, రెండోది ఒక చోట చాలాసేపు ఆగి ఆగి చదివింది గానీ పూర్తయింది.

ఓపెన్‌ఆర్ఏ కూడా పెట్టుకున్నాం. నేను గేమ్ హోస్ట్ చేస్తే అన్నయ్యకి కనెక్ట్ అవ్వట్లేదు. రూటర్‌లో 1234 పోర్ట్ తెరిచాను, ఫైర్‌వాల్‌లో అనుమతి ఇచ్చాను. అయినా అంతే. పైగా హైదరాబాద్ నుంచి డల్లాస్‌కి అంత దూరంలో ఆట ఆడేలా ఉంటుందా లేదా అని కూడా డౌటే.

---

డాస్_ప్రాంప్ట్

నీ రూటర్ తప్పు కాకపోవచ్చు. రూటర్ పేజీలో వ్యాన్ ఐపీ (ఇంటర్నెట్ మీద రూటర్ అడ్రస్) అని కనిపించే నంబర్ చూడు, తర్వాత బయట ఏదైనా సైట్‌లో నా ఐపీ ఎంత అని చూడు. రెండూ వేరుగా ఉంటే, అందులోనూ రూటర్‌లోది 100.64 నుంచి 100.127 మధ్యలో మొదలైతే, నువ్వు సీజీనాట్ వెనక ఉన్నట్టు. మన ఇళ్ళ కనెక్షన్లు చాలావాటిలో ఒకే పబ్లిక్ ఐపీని ఎంతోమంది పంచుకుంటారు. అప్పుడు నీ ఇంట్లో ఎన్ని పోర్టులు తెరిచినా బయటి నుంచి వచ్చేది నీ దాకా రాదు. నువ్వు బయటికి వెళ్ళగలవు, ఎవరూ లోపలికి రాలేరు.

అందుకని హోస్ట్ చెయ్యకు. ఓపెన్‌ఆర్ఏ సర్వర్ల జాబితాలో ఖాళీగా ఉన్న డెడికేటెడ్ సర్వర్లు (ఆట హోస్ట్ చెయ్యడానికే పెట్టిన కంప్యూటర్లు) చాలా ఉంటాయి, ఇద్దరూ ఒకే దాంట్లో చేరండి. మొదట చేరినవాళ్ళకే అడ్మిన్ హక్కులు వస్తాయి, మ్యాప్ మార్చుకోవచ్చు. సీఎన్‌సీనెట్ వాడితే వాళ్ళ టన్నెల్ సర్వర్లు మధ్యలో ఉంటాయి, అక్కడా పోర్ట్ గొడవ లేదు. డాస్‌బాక్స్‌లో కూడా పాత ఐపీఎక్స్ నెట్‌వర్క్‌ని ఇంటర్నెట్ మీద నడిపే ఐపీఎక్స్‌నెట్ కమాండ్ ఉంది, కానీ దానికి ఒకరు సర్వర్ అవ్వాలి, కాబట్టి అది అన్నయ్య వైపు పెట్టి చూడండి, అక్కడ పబ్లిక్ ఐపీ ఉంటే కుదురుతుంది.

దూరం గురించి బెంగ పెట్టుకోకు. ఈ ఆటలు ట్యాంకులు ఎక్కడున్నాయో నెట్ మీద పంపవు. నీ కంప్యూటర్ మొత్తం యుద్ధాన్ని సొంతంగా నడుపుతుంది, అన్నయ్యది కూడా అదే యుద్ధాన్ని అలాగే నడుపుతుంది. మధ్యలో వెళ్ళేది మీరిచ్చిన ఆర్డర్లు మాత్రమే. డయలప్ మోడెమ్‌ల కాలంలో వందల యూనిట్లతో ఆడగలిగింది అందుకే. అమెరికాకి వెళ్ళి వచ్చేసరికి సెకనులో పావు వంతు దాకా పడుతుంది, క్లిక్ చేసిన రవ్వంత సేపటికి ట్యాంక్ కదులుతుంది, కాసేపటికి చెయ్యి అలవాటు పడిపోతుంది. షూటింగ్ ఆటల్లో అయితే అది భరించలేం, స్ట్రాటజీలో ఫర్వాలేదు.

దీనివల్లే ఒక జాగ్రత్త కూడా ఉంది. రెండు కంప్యూటర్లూ అణువంత తేడా లేకుండా ఒకే లెక్క వెయ్యాలి. ఎక్కడైనా తేడా వస్తే సింక్ తప్పి ఆట అక్కడే ఆగిపోతుంది. ఓపెన్‌ఆర్ఏ ఇద్దరిదీ ఒకే వెర్షన్ కాకపోతే అసలు గదిలోకే రానివ్వదు. అన్నయ్య దగ్గర ప్లేటెస్ట్ (ఇంకా పరీక్షలో ఉన్నది) అని రాసిన వెర్షన్ ఉందేమో చూడమను, నువ్వు రిలీజ్ అని ఉన్నది పెట్టుకుని ఉంటావు. ఇద్దరూ రిలీజే పెట్టుకోండి. సీఎన్‌సీనెట్ దారిలో వెళ్తే పాత ఫోల్డర్లో మ్యాప్‌లూ మోడ్‌లూ కలపకుండా ఇద్దరూ కొత్తగా దించుకున్న దాంతోనే మొదలుపెట్టండి.

---

టెస్లా_కాయిల్

పై దానికి ఒక్క మాట కలుపుతా. శనివారం ఉదయం మనకి తొమ్మిదిన్నర అయితే డల్లాస్‌లో శుక్రవారం రాత్రి, ఎండాకాలం గడియారంలో పదకొండు, శీతాకాలంలో పది. ఆ టైమ్ ఇద్దరికీ కుదురుతుంది, సర్వర్లు కూడా ఖాళీగా దొరుకుతాయి. మొదటి ఆట చిన్న మ్యాప్ మీద ఇద్దరూ ఒక పక్షంగా ఉండి ఏఐ మీద ఆడండి, సెట్టింగులు, ఆలస్యం అన్నీ అక్కడే తెలిసిపోతాయి. ఒకరి మీద ఒకరు ఆడే రోజు చెప్పు, రీప్లే ఫైల్ ఇక్కడ పెడితే మేమూ చూస్తాం.